తప్పు చేసినోడే కదా, కొడితే ఏమైంది?

మొన్న సంక్రాంతి సెలవులకి బంటుమిల్లి వెళ్ళినప్పుడు మా బాబాయికి లాప్‌టాప్‌లో ఓ పోలీసు సినిమా చూపించాను. పోలీసు సినిమా అంటే ఆయన అన్నం కూడా మర్చిపోతాడు. 1981లో ‘కొండవీటి సింహం’ గుడివాడ వెళ్ళి మూడుసార్లు చూశాడట. అందులో ఒకసారి ఇంట్లో చెప్పకుండా, బస్సు టాపు మీద కూర్చుని. ‘అంకుశం’ టీవీలో వచ్చిందంటే ఆ రోజుకి రిమోట్ ఆయనదే. అలాంటి మనిషి ముందు నేను పెట్టింది 1951 నాటి బ్లాక్ అండ్ వైట్ అమెరికన్ సినిమా, ‘డిటెక్టివ్ స్టోరీ’.

పావుగంట ఓపిక పట్టి, “ఏరా అబ్బాయ్, ఫైటెప్పుడు?” అన్నాడు.

“లేదు బాబాయ్.”

“పాటలు?”

“అవీ లేవు.”

“మరి ఇంకెందుకురా పోలీసు?”

నేను నవ్వేసి ఊరుకున్నాను. కానీ ఆ ప్రశ్న కాలేజీకి తిరిగొచ్చాక కూడా నన్ను వదల్లేదు. ఫైటు చెయ్యకపోతే పోలీసు ఎందుకు అని అడిగేలా మనల్ని తయారు చేసిందెవరు?

ముందు సినిమా గురించి చెప్తాను. విలియం వైలర్ తీశాడు. సిడ్నీ కింగ్స్‌లీ రాసిన నాటకం 1949లో బ్రాడ్‌వేలో ఆడింది, దాన్నే సినిమా చేశారు. న్యూయార్క్‌లో ఒక పోలీస్ స్టేషను, పై అంతస్తులో డిటెక్టివ్‌లు కూర్చునే గది, ఒకే ఒక్క రోజు. అంతే కథాస్థలం. నేపథ్య సంగీతం దాదాపు లేదు. టైప్‌రైటర్ల చప్పుడు, ఫోన్లు, వచ్చేపోయే జనం. హ్యాండ్‌బ్యాగ్ దొంగిలించి దొరికిపోయిన ఒకమ్మాయి పొద్దున్నించీ బెంచీ మీద కూర్చుని అందర్నీ చూస్తూ ఉంటుంది. ఆ చిన్న పాత్ర వేసిన లీ గ్రాంట్‌కి అదే మొదటి సినిమా, దానికే కాన్స్‌లో ఉత్తమ నటి అవార్డు వచ్చింది. నిజానికి ప్రేక్షకులుగా మనం కూర్చున్నది కూడా ఆ బెంచీ మీదే.

హీరో జిమ్ మెక్‌లియోడ్. కర్క్ డగ్లస్ వేశాడు. లంచం తీసుకోడు, రికమెండేషన్ వినడు, నేరస్థుడంటే ఒళ్ళు మంట. దానికి కారణం కూడా ఉంది: వాళ్ళ నాన్న క్రూరుడు, తల్లిని పిచ్చాసుపత్రి దాకా తీసుకెళ్ళినవాడు. ఆ నాన్న మీద కోపమంతా ఇప్పుడు ఆ గదిలోకి వచ్చే ప్రతి వాడి మీదా తీర్చుకుంటున్నాడు. ఆర్థర్ అనే కుర్రాడు, యుద్ధంలో పనిచేసి వచ్చినవాడు, ఒక అమ్మాయి మోజులో పడి యజమాని డబ్బు తీశాడు. మొదటి తప్పు. డబ్బు తిరిగి కట్టేస్తామంటారు, యజమాని కూడా మెత్తబడతాడు. యుద్ధంలో కొడుకుని పోగొట్టుకున్న తోటి డిటెక్టివ్ బ్రోడీ, “వదిలెయ్ జిమ్” అన్నట్టు బతిమాలతాడు. మెక్‌లియోడ్ వదలడు. ఇవాళ వదిలితే రేపు ఇంకోటి చేస్తాడు, ఇదీ ఆయన లెక్క.

ఆయన అసలు గురి ష్నైడర్ అనే డాక్టరు. రహస్యంగా ఆడపిల్లలకి వైద్యం పేరుతో ప్రాణాల మీదకి తెచ్చేవాడు. నాటకంలో అది గర్భస్రావాల వ్యవహారం. అప్పటి హాలీవుడ్ సెన్సార్ ఆ మాట ఎత్తనివ్వదు కాబట్టి సినిమాలో డొంకతిరుగుడుగా చెప్తారు. మొదటిసారి చూస్తే కొంచెం తికమకగా ఉంటుంది, ఓపిక పట్టండి. ఒక సాక్షి ఖరీదైన కోటు పుచ్చుకుని మాట మార్చేస్తుంది. ఇంకో సాక్షి ఆస్పత్రిలో చనిపోతుంది. కేసు చేతిలోంచి జారిపోతోంది. స్టేషనుకి తిరిగొస్తూ వ్యాన్‌లో మెక్‌లియోడ్ ఆ డాక్టర్ని చావగొడతాడు.

మన సినిమా అయితే ఇక్కడ ఇంటర్వెల్. థియేటర్లో పేపర్లు ఎగరాలి.

ఈ సినిమాలో కథ అసలు ఇక్కడే తిరగబడుతుంది. ఆ దెబ్బలకి డాక్టరు పడిపోతాడు. ఈ డిటెక్టివ్‌కి వాడి మీద అంత కసి ఎందుకో పై అధికారికి అనుమానం వచ్చి ఆరా తీస్తాడు. తవ్వితే బయటపడేది మెక్‌లియోడ్ భార్య మేరీ. పెళ్ళికి ముందు, ఇంకొకడి వల్ల గర్భవతి అయి, దిక్కు తోచక ఆమె వెళ్ళింది ఇదే డాక్టరు దగ్గరికి. మెక్‌లియోడ్‌కి ఇది అంతవరకూ తెలియదు. ప్రాణంగా ప్రేమించిన మనిషి ఒక్క నిమిషంలో ఆయన కళ్ళకి ముద్దాయి అయిపోతుంది. క్షమించాలనుకుంటాడు, చేతకాదు. ఇంకా ఎంతమంది అని అడిగేస్తాడు. ఎవర్ని అసహ్యించుకుని పోలీసయ్యాడో ఆ నాన్నలాగే తయారయ్యాడని మేరీకి అర్థమవుతుంది. వెళ్ళిపోతుంది.

చివర్లో ఒక దొంగ తుపాకీ లాక్కుంటే మెక్‌లియోడ్ దానికి ఎదురు నడుస్తాడు. గుండు తగిలి పడిపోయాక ఆర్థర్‌ని వదిలేయమని చెప్తాడు. ముగింపు కొంచెం నాటకంలాగే ఉంది, ఒప్పుకుంటాను. నన్ను పట్టుకున్నది మాత్రం వేరే. ఈ సినిమా మెక్‌లియోడ్‌ని విలన్ చెయ్యలేదు. డాక్టర్ని అమాయకుడూ చెయ్యలేదు. డాక్టరు నిజంగానే దుర్మార్గుడు, పోలీసు నిజంగానే నిజాయితీపరుడు. అయినా ఆ దెబ్బలు తప్పే. ఈ మూడింటినీ కలిపి చెప్పిన తెలుగు పోలీసు సినిమా ఏదైనా ఉంటే చెప్పండి, నేను చూడలేదు.

మన దగ్గర చెడ్డ పోలీసంటే లంచం తీసుకుని కొట్టేవాడు. మంచి పోలీసంటే లంచం తీసుకోకుండా కొట్టేవాడు. కొట్టడం మీద ఎవరికీ పేచీ లేదు.

మొదట్నించీ ఇలాగే ఉందా అని వెతికితే ఒక తమాషా సంగతి దొరికింది. కింగ్స్‌లీ నాటకం బ్రాడ్‌వేలో ఆడిన అదే 1949లో, నవంబరులో, మన దగ్గర ‘మన దేశం’ వచ్చింది. కృష్ణవేణి గారు నిర్మాత, ఎల్.వి.ప్రసాద్ దర్శకుడు, సంగీతం గుడివాడ దగ్గర చౌటపల్లిలో పుట్టిన ఘంటసాల. అందులో ఓ చిన్న వేషంతో మా జిల్లా నిమ్మకూరు కుర్రాడు మొదటిసారి తెర మీద కనిపించాడు. నందమూరి తారక రామారావు. వేషం ఏమిటనుకున్నారు? పోలీసు. బ్రిటిష్ వాళ్ళ కొలువులో ఉండి స్వాతంత్ర్యం కోసం వచ్చిన జనాన్ని లాఠీతో బాదే పోలీసు. కొత్త కుర్రాడు పాత్రలో లీనమైపోయి లాఠీచార్జి సీనులో నిజంగానే బాదేశాడని ఇప్పటికీ కథగా చెప్పుకుంటారు.

అంటే ఎన్టీఆర్ తొలి సినిమాలో లాఠీ దెబ్బ తిన్నవాడి వైపు నిలబడి జనం సినిమా చూశారు. స్వాతంత్ర్యం వచ్చి రెండేళ్ళు, ఒంటి మీద దెబ్బల గుర్తులు ఇంకా పోని కాలం. ముప్ఫై రెండేళ్ళ తర్వాత అదే మనిషి ‘కొండవీటి సింహం’లో ఎస్పీ రంజిత్ కుమార్. ఈసారి జనం లాఠీ వైపు ఉన్నారు. ఈలలు, హారతులు. ఆర్నెల్లు తిరక్కుండానే ఆయన పార్టీ పెట్టాడు, 1983లో మా గుడివాడ నుంచి కూడా గెలిచాడు. ఆ సినిమాని నేను తక్కువ చెయ్యట్లేదు. ఆ ఎస్పీకి బాధ ఉంది, తప్పుదారి పట్టిన సొంత కొడుకు విషయంలో కూడా ధర్మం తప్పకూడదన్న యాతన ఉంది. బాబాయి ఊరికే మూడుసార్లు చూడలేదు. కానీ ఆ యాతన తర్వాత తర్వాత కరిగిపోయి చొక్కా, మీసం, జీపు మిగిలాయి. 1989లో ‘అంకుశం’, 2006లో ‘విక్రమార్కుడు’, మధ్యలో లెక్కలేనన్ని. 2020లో ‘హిట్’ మొదటి భాగం వచ్చినప్పుడు నాకు ఆశ కలిగింది. మంట చూస్తే వణికిపోయే డిటెక్టివ్, గతం వెంటాడే మనిషి, మన తెరకి కొత్త. అదే సిరీస్ మూడో భాగం 2025 మేలో వచ్చేసరికి నరుకుడే నరుకుడు. అయిదేళ్ళలో మనం డిటెక్టివ్‌కి ట్రీట్‌మెంట్ ఇప్పించి కత్తి చేతికిచ్చాం.

మన పోలీస్ స్టేషను లోపల ఏం జరుగుతుందో చూపించే సినిమా రాలేదా అంటే వచ్చింది, తమిళంలో. వెట్రిమారన్ ‘విసారణై’, 2015. కోయంబత్తూరు ఆటో డ్రైవరు చంద్రకుమార్ గుంటూరులో పనికోసం వచ్చి, చెయ్యని నేరానికి లాకప్పులో పడ్డ అనుభవాన్ని ‘లాకప్’ అనే నవలగా రాశాడు. సినిమా దాన్నించే పుట్టింది. అందులో పోలీసులు తెలుగులో తిడతారు, వాళ్ళు తమిళంలో ఏడుస్తారు. ఒకరి మాట ఒకరికి అర్థం కాకపోయినా ఒప్పుకోలు మాత్రం రాసేసుకుంటారు. గుంటూరు మన పక్క జిల్లా. ఆ కథ మనకి తమిళం వాళ్ళు చెప్పాల్సి వచ్చింది.

ఇక్కడ మీలో కొందరు అనుకునేది నాకు వినపడుతోంది. “నీ ఇంట్లో అమ్మాయికి జరిగితే ఇలాగే రాస్తావా?” అని. న్యాయమైన ప్రశ్నే. కోర్టు కేసులు ఏళ్ళకేళ్ళు సాగుతాయి, సాక్షులు మాట మారుస్తారు (మెక్‌లియోడ్ సాక్షిలాగే), డబ్బున్నవాడు బెయిల్ మీద తిరుగుతాడు. ఆ కోపం నాకూ ఉంది. అందుకే నా సంగతే ముందు చెప్తాను.

2019 డిసెంబరు 6. నేను పదో క్లాసు, హాస్టల్లో ఉన్నాను. పొద్దున్నే వార్డెన్ టీవీ పెట్టాడు. షాద్‌నగర్ దగ్గర చటాన్‌పల్లిలో ‘దిశ’ కేసు నిందితులు నలుగురు ఎన్‌కౌంటర్‌లో చనిపోయారు. పోలీసుల మీద జనం పూలు చల్లుతున్నారు. మా హాలంతా చప్పట్లు. నేనూ కొట్టాను, ఎర్రబడేదాకా కొట్టాను. రెండున్నరేళ్ళ తర్వాత, 2022 మేలో, సుప్రీంకోర్టు వేసిన సిర్పూర్కర్ కమిషన్ నివేదిక బయటికొచ్చింది. చంపాలన్న ఉద్దేశంతోనే కాల్చారని, ఆ నలుగురిలో ముగ్గురు అప్పటికి మైనర్లని అందులో ఉంది. పది మంది పోలీసులపై హత్యానేరం కింద విచారణ జరపాలని సిఫారసు చేసింది. పోలీసులు దాన్ని హైకోర్టులో సవాలు చేశారు, అది వేరే సంగతి. మైనర్లు అన్న మాట దగ్గర నేను ఆగిపోయాను. నేను చప్పట్లు కొట్టినప్పుడు నాకూ వాళ్ళలో చిన్నవాడికీ వయసు తేడా ఎంతని లెక్కేసుకున్నాను. వాళ్ళు ఆ ఘోరం చేశారా లేదా అన్నది ఒక కోర్టు తేల్చాల్సింది, ఇక ఆ అవకాశం లేదు. మా సీఎస్ఈ భాషలో చెప్పాలంటే టెస్టింగ్ చెయ్యకుండా కోడ్ నేరుగా ప్రొడక్షన్‌లోకి పంపాం. ఇక్కడ రోల్‌బ్యాక్ కూడా ఉండదు.

ఇంకోటి మన ఇంటి పక్కదే. 2007 డిసెంబరులో విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నంలో, హాస్టల్లో ఉండి ఫార్మసీ చదువుకునే అమ్మాయి దారుణంగా హత్యకి గురైంది. మరుసటి ఏడాది ఒక పేద యువకుణ్ణి పట్టుకుని ఇతనే అన్నారు. 2010లో యావజ్జీవ శిక్ష పడింది. 2017 మార్చి 31న హైకోర్టు నిర్దోషి అని విడుదల చేసింది. అప్పటికి ఎనిమిదేళ్ళు దాటింది జైలుకెళ్ళి. అతన్ని పట్టుకున్న రోజుల్లో ఎవరైనా ‘కాల్చి పారేస్తే పోలా’ అని ఉంటారు. కాల్చి ఉంటే 2017 అనేది అతని జీవితంలో ఉండేదే కాదు.

పెద్ద కేసులు వదిలేయండి. మా చెరువు సంగతి చెప్తాను.

మా వైపు తెలుసుగా, వరి చేలు సగం, చేపల చెరువులు, రొయ్యల చెరువులు సగం. మా బాబాయికి వేరే మండలంలో లీజు చెరువు ఒకటి ఉండేది. నేను ఏడో క్లాసులో ఉండగా ఆ గట్టు మీద ఏరేటర్ మోటార్లు రెండు పోయాయి. రొయ్యల చెరువులో రాత్రిపూట ఏరేటర్ ఆగిందంటే ఆక్సిజన్ అందక పంట తెల్లారేసరికి తేలిపోతుంది, కాబట్టి ఆ కంగారు మామూలుది కాదు. మేత వేసి, రాత్రిళ్ళు పాకలో కాపలా పడుకునే మనిషి ఒకాయన ఉండేవాడు. పేరెందుకు లెండి. నన్ను ‘చినబాబూ’ అని పిలిచి, వలలో పడ్డ పీతల్ని దారానికి కట్టి ఆడుకోమని ఇచ్చేవాడు. “నీకెవరి మీద అనుమానం?” అని స్టేషనులో అడిగితే మా బాబాయి ఆయన పేరు చెప్పాడు.

రెండు రాత్రులు ఉంచారు. ఆయన ఒప్పుకున్నాడు. ఎక్కడ అమ్మాడో, ఎంతకి అమ్మాడో కూడా చెప్పాడు. బాబాయి ఇంటికొచ్చి, “చూశారా, నాలుగు తగిలిస్తే నిజం అదే వస్తుంది” అన్నాడు. నెల తిరక్కుండా ఇంకేదో దొంగతనంలో వేరే ముఠా దొరికితే మా మోటార్లు వాళ్ళ దగ్గర బయటపడ్డాయి. తియ్యని మోటారుకి అమ్మిన రేటు ఎలా చెప్పాడా అని నేను చాలాకాలం ఆలోచించాను. దెబ్బ ఆగాలంటే ఒక అంకె కావాలి, చెప్పాడు. పోలీసు ముందు ఇచ్చిన ఒప్పుకోలు కోర్టులో చెల్లదని 1872 నాటి సాక్ష్య చట్టంలోనే ఉంది, 25వ సెక్షను. చట్టం మారాక కూడా ఆ నియమాన్ని అలాగే ఉంచారు. మనల్ని పాలించడానికొచ్చిన తెల్లవాళ్ళు కూడా తమ పోలీసు రాయించిన ఒప్పుకోలుని నమ్మలేదు. మేం నమ్మాం.

ఆయన మళ్ళీ పనికి రాలేదు. ఎప్పుడైనా సంతలో కనిపిస్తే, “బాగున్నారా బాబూ” అంటాడు బాబాయిని. కొంచెం కుంటుతూ నడుస్తాడు. బాబాయి ఆ వారమంతా సంతకి నన్ను పంపిస్తాడు.

నిజం చెప్పొద్దూ, అందుకే ఆ సినిమా ఆయనకి చూపించాను. నిలదియ్యాలని కాదు. అలా నిలదీసేంత వయసూ ధైర్యమూ నాకు లేవు. చూస్తే ఏమంటాడో వినాలని.

వ్యాన్‌లో కొట్టే సీను వచ్చినప్పుడు బాబాయి నిటారుగా కూర్చున్నాడు. “అదీ!” అన్నాడు. అక్కణ్ణించి నేను సబ్‌టైటిళ్ళు తెలుగులో చెప్తూ ఉన్నాను, ఆయన మెల్లగా మాటలు తగ్గించేశాడు. మేరీ వెళ్ళిపోయే చోట పిన్ని వంటింట్లోంచి వచ్చి గుమ్మంలో నిలబడి చూసింది. “పాపం, ఆవిడేం చేసిందని” అంది. బాబాయి ఏమీ అనలేదు.

అయిపోయాక చాలాసేపటికి అడిగాడు. “ఆ డాక్టరు తప్పు చేసినోడే కదరా?”

“చేసినోడే బాబాయ్.”

“మరి కొడితే ఏమైంది?”

“ఏమైందో చూశావుగా.”

చుట్ట వెలిగించుకుని అరుగు మీదకి వెళ్ళిపోయాడు. కాసేపాగి అక్కణ్ణించే, “మనోడు చెయ్యనే లేదు కదరా” అన్నాడు. డాక్టరు గురించి కాదని నాకు తెలుసు. ఏం చెప్పాలో తోచక లాప్‌టాప్ మూసేశాను.

మర్నాడు భోగి. సాయంత్రం ఆయన సంతకి తనే వెళ్ళాడు. కలిశాడో లేదో నేను అడగలేదు, ఆయన చెప్పలేదు.

మన క్లబ్ వాళ్ళు వచ్చే సెమిస్టర్లో సినిమా ప్రదర్శనలకి పేర్లు అడుగుతున్నారు. పోలీసు సినిమా ఒకటి ఉండాల్సిందే అని గ్రూపులో పోల్ కూడా నడుస్తోంది, ఏవి ముందున్నాయో మీకు తెలుసు. నా ఓటు ‘డిటెక్టివ్ స్టోరీ’కి. 103 నిమిషాలే, హాస్టల్ గేటు మూసేలోపు అయిపోతుంది. ఫైట్లు లేవని ముందే చెప్తున్నాను, తర్వాత నన్ను తిట్టొద్దు. వ్యాన్ సీను దగ్గర ఎవరికైనా ఈల వెయ్యాలనిపిస్తే వెయ్యండి, నేనూ మొదటిసారి వేశాను. ఆ తర్వాత అరగంట మాత్రం లేచి వెళ్ళిపోకండి.